గాదె పుస్తకంలో చివరి మాట

ఆయన పోయిన కబురు ఆయన కూతురు చెప్పింది. పొద్దున నేను పనికి వెళ్లే ట్రైన్‌లో ఉండగా ఫోన్ చేసి, "ఆంటీ, డాడీ నో మోర్. ఫజర్ నమాజు తర్వాత. నిద్రలోనే" అంది. సింగపూర్‌లో పుట్టి పెరిగిన పిల్ల. ఇంట్లో దక్కనీ ఉర్దూ మాట్లాడుతుంది, తెలుగు కొంత వచ్చు, ఏడుపు వచ్చినప్పుడు మాత్రం ఇంగ్లీషే వస్తుంది. మధ్యాహ్నం నమాజు కాగానే తీసుకెళ్లిపోతారని చెప్పింది. నేను తర్వాతి స్టేషన్‌లో దిగి, అవతలి వైపు ట్రైన్ ఎక్కి టోవా పాయోలో వాళ్లింటికి వెళ్లాను.

ఆడవాళ్లు కూర్చున్న గదిలో ఒక మూల కూర్చున్నాను. సమాధి దగ్గరికి మగవాళ్లే వెళ్లారు. వ్యాను కదిలిన చప్పుడు పదకొండో అంతస్తు దాకా వినిపించదు కాబట్టి, ఎవరో కిటికీలోంచి చూసి వెళ్లిపోయిందని చెప్పారు. అప్పుడు ఆయన మాటొకటి గుర్తొచ్చింది. ఈ ఊళ్లో సమాధికి పదిహేనేళ్లే గడువు. ఆ తర్వాత తవ్వి తీసి, ఇంకాస్త చిన్న జాగాలో మరికొందరితో కలిపి పెడతారు. దాని గురించి ఆయన ఒకసారి అన్నారు:

"మా రచయిత్రి ఊర్ల భూమి ఎముకల్ని దాసుకుంటది టీచరమ్మా. సింగపూర్ భూమికి గంత తీరిక లేదు. పదిహేనేండ్లకు లేపి, జర జరుగున్రి, ఎన్కోళ్లు నిలబడ్డరు అంటది."

మా రచయిత్రి అని ఆయన అనేది ఒక ఆస్ట్రేలియా నవలాకారిణిని. ఇప్పటికీ బతికే ఉంది, రాస్తూనే ఉంది. ఆమె నవలల్లో ఒకదాన్ని ఆయన తెలుగులోకి తెచ్చారు. మూడు వందల పేజీలు రెండేళ్లలో అయిపోయాయి. చివరి వాక్యం దగ్గర మూడేళ్లు ఆగారు. అందులో ఉన్న ఒక్క మాటకు తెలుగులో ఏం రాయాలో తేల్చుకోకుండా పోతానేమోనని ఆయన భయం. డాక్టర్లు చెప్పిన ఏ విషయానికీ ఆయన అంత భయపడగా నేను చూడలేదు.

నేను టీచర్ని కాను. ఒక యూనివర్సిటీ లైబ్రరీలో పుస్తకాల వివరాలు నమోదు చేసే పని నాది. తీరిక వేళల్లో హైదరాబాద్‌లోని ఒక చిన్న ప్రచురణకర్తకు ప్రూఫులు దిద్దుతాను. ఐదేళ్ల కింద ఆ ప్రచురణకర్తే నాకు ఫోన్ చేసి, మీ ఊళ్లోనే ఒక పెద్దాయన ఏదో ఆస్ట్రేలియా నవల అనువాదం చేస్తున్నాడట, ఒకసారి చూడండి అన్నారు. టోవా పాయోలో తిండి అంగళ్లుండే ఒక హాకర్ సెంటర్లో కలుద్దామన్నారు పెద్దాయన. మధ్యాహ్నం భోజనాల రద్దీ. అందరూ టేబుళ్ల మీద టిష్యూ ప్యాకెట్లు పెట్టి చోప్ చేసుకున్నారు, అంటే చోటు పట్టుకున్నారు. ఒక టేబుల్ మీద మాత్రం లావుపాటి నవల ఉంది.

"టిష్యూ పెడితే ఎవడన్న ముక్కు తుడుసుకుంటడు," అన్నారాయన పాలు లేని టీ, టే-ఓ గ్లాసులతో వచ్చి. "పుస్తకం పెడితే ఎవ్వడు ముట్టడు. కూసో బిడ్డా."

నేను కూర్చోబోతుంటే ఆగమని, ముందు ఆ ప్లాస్టిక్ కుర్చీని అరచేత్తో రెండుసార్లు కిందికి నొక్కి చూశారు. తర్వాత కూడా ఎప్పుడూ అంతే. కుర్చీ నొక్కకుండా కూర్చోరు. వంతెన ఎక్కితే ముందు రెయిలింగ్‌ను తోసి చూసి, అప్పుడు ఆనుకుంటారు. ఏ భవనానికైనా బయట కర్రలూ పైపులూ కట్టి ఉంటే దాని కింది నుంచి నడవరు, నన్ను నడవనివ్వరు. ఇరవై రెండేళ్లు కట్టడాల దగ్గర సేఫ్టీ ఆఫీసరుగా చేసి రిటైరైన మనిషి. అలవాటు పోలేదనుకున్నాను.

అనువాదం రాసింది కూడా పనికి సంబంధించిన కాగితాల మీదే. ప్రమాదం ఉన్న పని మొదలుపెట్టే ముందు, అన్నీ సరిచూశాను, దిగవచ్చు అని సేఫ్టీ ఆఫీసరు ఒక పర్మిట్ రాసిస్తాడు. ఆ పర్మిట్ పుస్తకాలు వాడనివి పన్నెండు ఆయన దగ్గర మిగిలాయి. స్థలం, ప్రమాదం, తీసుకున్న జాగ్రత్త అని అచ్చేసిన గళ్ల మీదుగా ఆయన గుండ్రటి తెలుగు అడ్డంగా సాగిపోయేది. గొర్రెలు ప్రమాదం గడిలో పడేవి, ఎండిన ఏరు జాగ్రత్త గడిలో పడేది. ప్రతి పేజీ అడుగున సంతకం గడి మాత్రం ఖాళీగా వదిలేవారు. అక్కడ కూడా రెండు వరుసలు పడతాయి కదా అంకుల్ అంటే, "పట్టనీ. గది వద్దు" అన్నారు.

చదువుకున్నది వరంగల్ వైపు, తెలుగు మీడియంలో. ఆయన తెలుగు మంచి తెలుగు. నాది తెనాలి. మొదటి ఆరు నెలలూ ఆయన రాసిన మాటల్ని నేను నా ఊరి మాటల్లోకి దిద్దాను. ఆయన ఓపిగ్గా మళ్లీ వెనక్కి మార్చుకున్నారు. టీచరమ్మ అనే పేరు అప్పుడు పెట్టిందే.

గొర్రెలు మేపే పెద్ద భూముల్ని ఆస్ట్రేలియాలో స్టేషన్ అంటారు. ఆయన మొదటి పేజీలోనే గొర్రెల స్టేషన్ అని రాశారు. నేను నవ్వాను.

"అంకుల్, చదివినవాళ్లు గొర్రెలు రైలెక్కుతున్నాయనుకుంటారు."

"పోలీస్ స్టేషన్ అనుకుంటరేమో. గొర్లను అరెస్టు జేసిన్రని."

"దొడ్డి అంటే?"

"లక్ష ఎకరాలు టీచరమ్మా. మీ తెనాలిల లక్ష ఎకరాల దొడ్డి ఉన్నదా?"

వారం తర్వాత ఆయనే మాట పట్టుకొచ్చారు. జాగీరు. నేను ఒప్పుకోలేదు. నిజాం కాలపు మాట తీసుకెళ్లి అక్కడ పెడితే చదివేవాళ్ల కళ్ల ముందు వేరే దేశం వస్తుందన్నాను.

"రానీ," అన్నారు. "ఒకల భూమి గుంజి ఇంకొకనికి కాయితం రాసిచ్చుడు. గాడ తెల్లోడు రాసిచ్చిండు, గీడ నవాబు రాసిచ్చిండు. ఏం ఫరకున్నది? మా తాత జాగీర్ల గుమాస్తా. నాకెరుక అది ఎట్లుంటదో."

జాగీరు ఉండిపోయింది. ఆ ఒక్క మాటతో ఆ నవల నాకు కొత్తగా అర్థమైంది.

ఆ రచయిత్రి నవలలకు ఆయన సొంత పేర్లు పెట్టుకున్నారు. బావి పుస్తకం. బస్సు పుస్తకం. గాదె పుస్తకం. బావి పుస్తకంలో కరువు వచ్చిన ఒక కుటుంబం బావి తవ్విస్తుంది. ఆరడుగుల లోతులో మనుషుల ఎముకలు పడతాయి. ఒకరివి కావు. తండ్రి ఆ గొయ్యి పూడ్పించి, అవతల ఇంకోచోట తవ్విస్తాడు. రాత్రి భోజనాల దగ్గర ఎవరూ ఆ మాట ఎత్తరు, ఉప్పు అటు జరపమంటారు. బస్సు పుస్తకంలో బడి పిల్లల బస్సు నడిపే ఒకామె రోజూ ఒక మలుపు దగ్గర వేగం పెంచుతుంది. అక్కడ ఒకప్పుడు ఏదో జరిగింది. ఏమిటో పుస్తకమంతా వెతికినా ఉండదు. ఆమె పని మానేస్తుంది, కొత్త డ్రైవరు వస్తాడు. అతనికి ఏమీ తెలియదు. చివరి పేజీలో అతనూ ఆ మలుపు దగ్గర వేగం పెంచుతాడు.

నేను ఆ పుస్తకాలన్నీ ఆయన వల్లే చదివాను. చెప్పకుండా వదలడంలో ఆమెకున్న అదుపు చూసి ముచ్చటపడ్డాను. హింస ఎప్పుడూ పేజీ అవతలే జరుగుతుంది. పేజీ మీద టీ కాచుకుంటారు, కంచె బాగు చేసుకుంటారు, వాన గురించి మాట్లాడుకుంటారు. నేరం చేసినవాళ్లు ఆమె పుస్తకాల్లో చెడ్డవాళ్లుగా కనిపించరు. అలసిపోయినవాళ్లుగా కనిపిస్తారు. అది నాకు గొప్పగా అనిపించేది. ఆయన కూడా గొప్పే అనేవారు, కానీ ఆ మాట కోపంగా అనేవారు. పెన్సిల్ పట్టుకుని చదివేవారు. ఎవరైనా మాట మార్చిన ప్రతి చోటా పక్కన "మ" అని రాసేవారు. కొన్ని పేజీల అంచు నిండా అవే. ఒకసారి నేను నా ఉద్యోగంలో ఏదో చిక్కు చెబుతూ మధ్యలో ఆయన ఆరోగ్యం సంగతి ఎత్తితే, గాలిలో వేలితో "మ" రాసి చూపించారు.

తెలుగు చేసింది గాదె పుస్తకం. గోధుమలు నిల్వ చేసే ఎత్తైన సైలోను ఆయన గాదె అన్నారు. జాగీరు యజమాని ఒక ముసలాయన. తన దగ్గర పుట్టి పెరిగిన ఒక నల్లజాతి పనివాణ్ణి గాదెలో దిగి గడ్డకట్టిన గింజల్ని కదిలించమంటాడు. నడుముకు తాడు కట్టాలి, పైన ఒక మనిషి నిలబడాలి. ఆ రోజు తాడు వేరే పనిలో ఉంటుంది. దిగిన మనిషి గింజల్లో కూరుకుపోతాడు. విచారణ జరుగుతుంది, ఎవరి తప్పూ లేదని తేలుతుంది. మిగిలిన రెండు వందల పేజీలూ ముసలాయన రోజువారీ జీవితం. చివరికి ఒక సాయంత్రం అతను నడుచుకుంటూ, చనిపోయినవాడి తల్లి ఇంటికి వెళ్లి తలుపు కొడతాడు. ఆమె తెరుస్తుంది. అతను టోపీ తీసి చేత్తో పట్టుకుని సారీ అంటాడు. నవల అక్కడ అయిపోతుంది.

ఇంగ్లీషులో ఆ మాటకు రెండు ముఖాలున్నాయి. ఎవరైనా పోయినప్పుడు ఇరుగుపొరుగు వచ్చి అనేది అదే మాట. నేరం ఒప్పుకునేవాడు అనేదీ అదే మాట. ముసలాయన ఏ అర్థంతో అన్నాడో రచయిత్రి చెప్పదు. మూడు వందల పేజీల నవల ఆ సందేహం మీద నిలబడి ఉంది.

"క్షమించు అని పెడదామా?" అన్నాను మొదట్లో.

"గది సినిమాల ఆఖరి రీల్ల అంటరు."

"చాలా బాధగా ఉంది?"

"పక్కింటోడంటడు."

"అయితే సారీ అనే ఉంచండి అంకుల్. అందరికీ అర్థమవుతుంది."

"సారీ అంటే బస్సుల కాలు తొక్కినంక అనేది టీచరమ్మా. ఆ తల్లి ముంగట నిలబడి కాలు తొక్కిన మాట అంటడా?"

"మూలంలో రెండర్థాలూ ఉన్నాయి. రెండూ ఉండటమే కదా నవల."

"ఉండనీ. తెలుగుల రెండు లెవ్వు. ఒకటి తీసుకోవాలె. తీసుకుంటందుకు నాకు ధైర్యం లేదు."

ఆయన ధైర్యమన్నది అనువాదకుడి ధైర్యం అనుకున్నాను. రచయిత్రికి ఉత్తరం రాద్దామని నేనే సలహా ఇచ్చాను. ఇంగ్లీషు ముసాయిదా రాసిచ్చాను. రెండు నెలలకు ఆమె వ్యవహారాలు చూసే ఏజెంటు నుంచి మర్యాదగా జవాబు వచ్చింది. ఆ వాక్యాన్ని రచయిత్రి పాఠకులకే వదిలేయదలుచుకున్నారని ఉంది. నాకు అది సరైన జవాబే అనిపించింది. ఆయన ఫోన్‌లో రెండుసార్లు చదువుకుని జేబులో పెట్టుకున్నారు.

"పాఠకులకు వదిలిందట. తలుపు కాడ నిలబడ్డ తల్లికి ఏం వదిలింది?"

ఆయన ఆదివారాలు లిటిల్ ఇండియా వెళ్లేవారు. కిడ్నీలు పాడై వారానికి మూడు రోజులు డయాలిసిస్‌కు పోతూ కూడా ఆదివారం మాత్రం మానేవారు కాదు. ఒకసారి సామాన్లు కొనుక్కోవడానికి వెళ్లి ఆయన్ని అక్కడ చూశాను. సెరంగూన్ రోడ్డు పక్క గడ్డి మీద సెలవు దొరికిన పనివాళ్లు గుంపులుగా కూర్చుని ఉన్నారు. తెలుగు వినిపించిన ప్రతి గుంపు దగ్గరా ఆయన ఆగుతున్నారు.

"ట్యాంకులల్ల, మ్యాన్‌హోళ్లల్ల దిగేటోళ్లు ఎవలన్న ఉన్నరా? దిగే ముంగట గాలి చూస్తున్నరా? మీటర్ పెట్టి చూస్తున్నరా, ఉత్తగ రాస్తున్నరా? నీ కండ్లతోని చూసినవా?"

"గాలి సారొచ్చిండురో," అన్నాడు ఒకతను పక్కవాడితో. తర్వాత ఆయన వైపు తిరిగి, "సారూ, ఇయ్యాల బయటనే ఉన్నం. గాలి మంచిగనే ఉన్నది. కూసోన్రి, బిర్యానీ తిందురు" అన్నాడు. అందరూ నవ్వారు. ఆయనా నవ్వారు. నవ్వి మళ్లీ అడిగారు: "నవ్వుడు తర్వాత. నీ కండ్లతోని చూసినవా?"

అతను నవ్వు ఆపి, చూశాను సారూ అన్నాడు.

నన్ను గమనించి వచ్చారు. బస్టాప్ బల్ల మీద కూర్చున్నాం. ఆ రోజు బల్లను నొక్కి చూడలేదు. ఎందుకిలా అందరినీ అడుగుతున్నారని నేనన్నాను. ఆయన రోడ్డు వైపే చూస్తూ చెప్పారు.

పద్నాలుగేళ్ల కింద ఒక కట్టడం దగ్గర నేలలో నీళ్ల ట్యాంకు కట్టారు. లోపల రసాయనం పూసే పని. ముందురోజు పూసిన దాని ఆవిరి లోపలే ఉంది. మనిషి దిగే ముందు సేఫ్టీ ఆఫీసరు మీటరు దింపి గాలి చూడాలి. మీటరు చార్జింగ్‌లో ఉంది. కాంక్రీటు బండి వచ్చి ఉంది, అందరూ తొందర పెడుతున్నారు. ఆయన ఆఫీసులో కూర్చుని, ఆక్సిజన్ ఇరవై పాయింట్ తొమ్మిది శాతం అని రాసి సంతకం పెట్టారు. మంచి గాలిలో ఎప్పుడు చూసినా అంతే ఉంటుంది కాబట్టి అంతే రాశారు. దిగినవాడు జగిత్యాల దగ్గరి పల్లెటూరివాడు. ముప్పై నాలుగేళ్లవాడు, ప్రాణంతో పైకి రాలేదు. విచారణలో కాగితం చూశారు, కాగితం సరిగ్గా ఉంది. మాస్కు తీసి ఉంటాడని రాసుకున్నారు.

"తెలుగొచ్చినోన్ని నేనే ఉంటి. వాళ్లింటికి ఫోన్ నువ్వే చెయ్యుమన్నరు. చేసిన. పెండ్లాం ఎత్తింది. చెప్పిన. ఆమె ఏడుస్తలేదు, ఏం మాట్లాడ్తలేదు. నాకేం తోచక, సారీ అమ్మా అన్న. అప్పుడు అడిగింది: సారీ ఎందుకు సారూ, మీరేం జేసిన్రు?"

బస్సులు వస్తున్నాయి, పోతున్నాయి.

"ఏం లేదమ్మా, ఇంగ్లీషుల గట్లనే అంటరు అన్న," అన్నారు. తర్వాత తనే గాలిలో వేలితో "మ" రాసుకున్నారు.

అప్పటి నుంచి చివరి వాక్యం గురించి నేను సలహాలు మానేశాను. ఆయనే ఒక ఆదివారం జగిత్యాల వైపు కుర్రవాడొకణ్ణి పట్టుకుని ఆ పనివాడి భార్య నంబరు సంపాదించారు. మూడు వారాలు జేబులో పెట్టుకు తిరిగారు. తర్వాత నన్ను ఇంటికి రమ్మన్నారు. డయాలిసిస్ లేని రోజు, మధ్యాహ్నం. భార్యనూ కూతుర్నీ సెరంగూన్‌లో ఏదో కొనాలని పంపేశారు.

"నువ్వుండాలె," అన్నారు. "ఎందుకని అడగకు."

ఫోన్ టేబుల్ మీద పెట్టి స్పీకర్ వేశారు. చాలాసేపు మోగింది.

"ఎవలు?" అంది ఆడగొంతు. వెనక ఏదో లయగా చప్పుడు, కత్తెర చప్పుడు. బీడీ ఆకు కత్తిరిస్తోందని ఆయన నాకు సైగ చేసి చెప్పారు.

"సింగపూర్ నుంచి అమ్మా. అప్పట్ల ఫోన్ చేసిన... సేఫ్టీ సారును."

కత్తెర ఆగింది.

"సారీ సారా?"

ఆయన కళ్లు మూసుకున్నారు. "అవునమ్మా."

"చెప్పున్రి."

"గా దినం నేను ట్యాంకుల గాలి చూడలే. చూసినట్టు రాసి సంతకం పెట్టిన. చూస్తే ఆయన దిగకపోవు. తప్పు నాది."

ఫోన్ తెగిపోయిందేమోనని నేను వంగి చూశాను. తెగలేదు.

"నాకెరుకే," అంది.

"ఎట్లెరుకమ్మా?"

"మీరే చెప్తిరి గద. సారీ అంటిరి. ఏం చెయ్యనోడు ఎందుకంటడు? ఎన్కసిరి ఇంగ్లీషుల గట్లంటరని అన్నరు. గది అబద్ధమని గప్పుడే సమజైంది."

"మరి ఎవలకన్న చెప్పలేదా?"

"ఎవలకు చెప్పాలె సారూ? గా దేశం నుంచి ఫోన్ చేసింది మీరొక్కలే."

ఆయన ఫోన్‌ను కాస్త దగ్గరికి జరుపుకున్నారు. ఆమే మాట్లాడింది. గొంతులో కోపం లేదు. పనిలో ఉన్న మనిషి గొంతు.

"మా బిడ్డకు తెల్వదు. వాళ్ల నాయిన గుండె ఆగి పోయిండని చెప్పిన. మొన్ననే పెండ్లి చేసిన. ఇప్పుడు నేనేమని చెప్పుదు? మీకు బరువు దిగిందేమో. నాకేం దిగలే. ఇగ ఫోన్ చెయ్యకున్రి సారూ."

ఫోన్ పెట్టేసే ముందు మళ్లీ కత్తెర చప్పుడు మొదలైంది. అది నేనూ విన్నాను, ఆయనా విన్నారు.

క్షమించమని అడగలేదేం అంకుల్ అని నేను అడిగాను. అడగకుండా ఉండాల్సింది.

"అడిగితే, మల్ల ఆమెకే ఒక పని చెప్పినట్టయితది," అన్నారు. "మాఫ్ జెయ్యాల్నా వద్దా అని కూసోని ఆలోచించుడు. గా పని గూడ నా కోసం ఆమె ఎందుకు చెయ్యాలె?"

మరో పది రోజులకు పన్నెండో పుస్తకం నా చేతికిచ్చారు. అదే హాకర్ సెంటర్. మనిషి సగమైపోయారు, గ్లాసు ఎత్తడానికి రెండు చేతులూ కావలసి వస్తోంది. చివరి పేజీ తీశాను. అతను టోపీ తీసి చేత్తో పట్టుకుని, తప్పు నాది అన్నాడు. అంతే. సంతకం గడి ఖాళీగానే ఉంది.

"అంకుల్, ఇది మూలం కాదు," అన్నాను.

"ఎరుక."

"ఆ ముసలాయన అలా అనడు. అనలేకపోవడమే ఆమె రాసింది. అనేస్తే ఆమె పుస్తకాలన్నీ అబద్ధమైపోతాయి."

"ఎన్ని భాషలల్లకు పోయినా అనడు. నాకెరుక లేదా? గాయన్ని నాకన్న ఎక్కువ ఎవలకెరుక?" అన్నారు. ఊపిరి కూడదీసుకుని, "ఒక్క తెలుగుల అననీ టీచరమ్మా" అన్నారు.

నేను సరే అనలేదు. ఆ మాట ఒప్పుకోవాలి. అప్పుడు నా మనసులో ఉన్నది ఆ రచయిత్రి పట్ల న్యాయం. ఆమె ఎన్నో ఏళ్లు కష్టపడి మూసి ఉంచిన నోటిని మరొకరు తెరవడం తప్పని నేను నమ్మాను, ఇప్పుడూ నమ్ముతాను. ఇంటికి వెళ్లి ఆ వాక్యం పక్కన పెన్సిల్‌తో, మూలంతో సరిచూడాలి అని రాశాను. వచ్చే వారం మాట్లాడదామనుకున్నాను. ఆ వారం ఆయన్ని ఆస్పత్రిలో చేర్చారు. రెండుసార్లు వెళ్లాను. రెండుసార్లూ ఆయన ఆ సంగతి అడగలేదు, నేను ఎత్తలేదు. నర్సు గురించి, కిటికీలోంచి కనిపించే క్రేను గురించి మాట్లాడుకున్నాం. ఇంటికి తెచ్చిన నాలుగో రోజు పోయారు.

నలభై రోజులయ్యాక కూతురు మిగతా పర్మిట్ పుస్తకాలన్నీ సంచిలో పెట్టి ఇచ్చింది. "యూ టేక్ ఆంటీ. నాకు చదవడం కూడా రాదు. బుక్ వస్తే ఒకటి ఇవ్వండి. డాడీ ఏం రాశాడో ఎవరితోనైనా చదివించుకుంటాను" అంది.

నేను చదివి వినిపిస్తానని అనలేకపోయాను.

పన్నెండింటినీ స్కాన్ చేసి హైదరాబాద్ పంపాను. పెన్సిల్ గీతలు చెరపలేదు. మరచిపోయి కాదు, ఏం చేయాలో తేల్చుకోలేక. నిన్న మధ్యాహ్నం ప్రచురణకర్త ఫోన్ చేశారు.

"మేడం, చివరి పేజీలో మూలంతో సరిచూడాలి అని మీరే రాశారు. మూలం తెప్పించి చూశాను. అక్కడ సారీ అనే ఉంది. తప్పు నాది అని లేదు. పెద్దాయన తొందర్లో పొరపాటు పడ్డట్టున్నారు. దిద్దేయమంటారా?"

"పొరపాటు కాదండీ. చూసే రాశారు."

"అయినా అనువాదంగా అది తప్పు కదా మేడం?"

"తప్పేనండీ. అలాగే వేయండి."

ఆయన సౌమ్యుడు, పుస్తకాల మీద ప్రేమ ఉన్న మనిషి. నన్ను నొప్పించకుండా ఎలా చెప్పాలా అని చూస్తున్నారు.

"సరిచూసినవారు అని లోపలి పేజీలో మీ పేరు ఉంటుంది. రేపు ఇంగ్లీషు చదివిన ఏ సమీక్షకుడో పట్టుకుని అడిగితే మేం ఏం చెప్పాలి?"

"తప్పు నాదని చెప్పండి," అన్నాను.